10 లక్షల సంతకాలు వచ్చినా సూపర్‌బౌల్‌లో 'స్వీట్ విక్టరీ' ఎందుకు పాడలేదు? అదే పని చిన్న మైదానంలో చేయాలంటే ఎలా?

నీటిబుడగ అడుగుతున్నారు:

స్పాంజ్‌బాబ్ కార్టూన్ సృష్టికర్త స్టీఫెన్ హిల్లెన్‌బర్గ్ 2018 నవంబరు 26న ఏఎల్ఎస్ అనే నరాల జబ్బుతో పోయారు. అప్పటికి ఆయన వయసు 57. ఆ వెంటనే అభిమానులు చేంజ్ డాట్ ఆర్గ్ అనే వెబ్‌సైట్‌లో ఒక పిటిషన్ పెట్టారు. 2019 ఫిబ్రవరి 3న అట్లాంటాలో జరగబోయే అమెరికన్ ఫుట్‌బాల్ ఫైనల్, 53వ సూపర్‌బౌల్ హాఫ్‌టైమ్‌లో (ఆట మధ్య విరామంలో) 'స్వీట్ విక్టరీ' పాట పాడాలన్నది అందులోని కోరిక. తెలియనివాళ్ల కోసం రెండు మాటలు: 2001 సెప్టెంబరులో వచ్చిన 'బ్యాండ్ గీక్స్' ఎపిసోడ్‌లో స్క్విడ్‌వర్డ్ అనే పాత్ర ఊళ్లో దొరికినవాళ్లందరినీ పోగేసి ఒక బ్యాండ్ కడతాడు. ఒక్కడికీ వాయించడం రాదు. అదే బ్యాండ్ చివర్లో 'బబుల్ బౌల్' స్టేడియంలో గాజు బుడగలో నిలబడి అందరి నోళ్లూ మూయించేలా పాడే పాట ఇది.

ఆట నాటికి సంతకాలు 10 లక్షలు దాటాయి. తీరా ఆ రాత్రి వచ్చింది స్క్విడ్‌వర్డ్ కనిపించే కొన్ని సెకన్ల ముక్క. అది అవగానే అతిథిగా వచ్చిన ర్యాపర్ ట్రావిస్ స్కాట్ పాట మొదలైపోయింది.

రెండు సందేహాలు. అంతమంది అడిగినా ఎక్కడ చెడింది? అమెరికాలో చదువుకుంటున్న మన తెలుగు పిల్లలు కొందరు, తోటి విద్యార్థులతో కలిసి తమ కాలేజీ ఫుట్‌బాల్ ఆటలో నవంబరు చివర్న హిల్లెన్‌బర్గ్ పేరు మీద ఏదైనా చేయాలనుకుంటున్నారు. ఉత్త పోస్టరు పట్టుకుని నిలబడటం కాకుండా స్టేడియం మొత్తానికి తెలిసేలా ఉండాలి. ఎవరిని అడగాలి, ఎన్నాళ్ల ముందు అడగాలి, ఏం సిద్ధం చేసుకోవాలి? వివరంగా చెప్పగలరా?

---

తెరవెనుక జవాబు:

ముందు తేదీలు పక్కపక్కన పెట్టి చూడండి, సగం జవాబు అక్కడే దొరుకుతుంది. నవంబరు 26 నుంచి ఫిబ్రవరి 3కి 69 రోజులు. మధ్యలో క్రిస్మస్, కొత్త సంవత్సరం సెలవులు. హాఫ్‌టైమ్‌లో మరూన్ 5 బృందం పాడబోతోందని 2018 సెప్టెంబరులోనే వార్తలు వచ్చేశాయి. అధికారిక ప్రకటన మాత్రం జనవరి 13న చేశారు. అంటే పిటిషన్ పుట్టేసరికే ఎవరు పాడాలన్నది తేలిపోయింది. అభిమానులు అడిగింది ఖాళీ వేదిక కాదు, ఇంకొకరికి అప్పటికే ఇచ్చేసిన వేదికలో వాటా.

ఆ వాటా ఎంత చిన్నదో కూడా చూడాలి. సూపర్‌బౌల్ హాఫ్‌టైమ్‌లో అసలు పాటల సమయం 12, 13 నిమిషాలే. ఆటగాళ్లు లోపలికి వెళ్లగానే వందల మంది చక్రాల బండ్ల మీద వేదికను ముక్కలుముక్కలుగా మైదానంలోకి తోసుకొచ్చి నిమిషాల్లో బిగిస్తారు, అయిపోగానే అంతే వేగంగా విప్పి పచ్చిక పాడవకుండా బయటికి లాగేస్తారు. ప్రతి సెకనూ ముందే రాసుకుని ఉంటుంది. ఏ కెమెరా ఎప్పుడు, ఏ మంట ఎప్పుడు, ఏ గాయకుడు ఎటువైపు నుంచి వస్తాడు, అన్నీ. పాడేవాళ్లకు ఆట నడిపే లీగు (ఎన్ఎఫ్ఎల్) పారితోషికం ఇవ్వదు, ఏర్పాట్ల ఖర్చు మాత్రం భరిస్తుంది. వాళ్లకు దక్కేదల్లా ఆ నిమిషాలే. అందులోంచి ఒకటిన్నర నిమిషం వేరేవాళ్ల పాటకు వదులుకోమంటే ఏ బృందమైనా వెనకాడుతుంది.

ఆశ ఎందుకు అంత పెరిగిందంటే, నిర్వాహకుల వైపు నుంచి సైగలు వచ్చాయి. డిసెంబరులో ఆట జరగబోయే మెర్సిడెస్-బెంజ్ స్టేడియం ట్విట్టర్ ఖాతా స్పాంజ్‌బాబ్ జిఫ్ (కదిలే బొమ్మ) పెట్టింది. జనవరిలో మరూన్ 5 ప్రకటన వీడియోలో స్పాంజ్‌బాబ్ ఒక్క క్షణం మెరిశాడు. ఇవి రెండూ మాట ఇచ్చినట్టు కాదు, కానీ చూసినవాళ్లు మాట ఇచ్చినట్టే తీసుకున్నారు. మీ పిల్లలకు ముందుగా చెప్పాల్సింది ఇదే: ఏ అధికారి అయినా ఇమోజీతో, జిఫ్‌తో, 'చూద్దాం' అనే మాటతో జవాబిస్తే దాన్ని బయట ప్రకటించకండి. ఎన్ని సెకన్లు, ఏ క్వార్టర్‌లో (ఆటలోని నాలుగు భాగాల్లో ఏది), తెర మీదా మైకులోనా అన్నది రాతపూర్వకంగా ఈమెయిల్‌లో వచ్చాకే నోరు విప్పాలి.

ఇంకొక కారణం చాలామంది పట్టించుకోరు. ఆ ఏడు సూపర్‌బౌల్‌ను ప్రసారం చేసింది సీబీఎస్ ఛానెల్. స్పాంజ్‌బాబ్ పిల్లల ఛానెల్ నికెలోడియన్ సొత్తు, నికెలోడియన్ అప్పట్లో వయాకామ్ అనే కంపెనీ కింద ఉండేది. ఆ రెండు కంపెనీల మీద పెత్తనం ఒకే కుటుంబానిదైనా, 2019 ఫిబ్రవరిలో అవి వేర్వేరు సంస్థలు. రెండూ కలిసిపోయింది 2019 డిసెంబరులో. ఆ తర్వాత కథ ఎలా మారిందో గమనించండి. 2021 జనవరిలో బేర్స్, సెయింట్స్ జట్ల ప్లేఆఫ్ (నాకౌట్) ఆటను నికెలోడియన్ పిల్లల కోసం విడిగా ప్రసారం చేసింది. గోల్‌పోస్టుల మధ్య స్పాంజ్‌బాబ్ ముఖం, ఎండ్‌జోన్‌లో (గోల్ గీత దాటిన చోట) పచ్చటి జిగురు ఫిరంగులు. అది నచ్చడంతో తర్వాత కూడా కొనసాగించారు. చివరికి 2024 ఫిబ్రవరి 11న లాస్‌వేగాస్‌లో జరిగిన 58వ సూపర్‌బౌల్‌కు నికెలోడియన్ సొంత ప్రసారం పెట్టుకుంది. స్పాంజ్‌బాబ్, పాట్రిక్ గొంతులు చెప్పే టామ్ కెన్నీ, బిల్ ఫాగర్‌బాకీ వ్యాఖ్యాతల పక్కన చేరారు. ఆ ప్రసారం మొదట్లోనే 'స్వీట్ విక్టరీ' పాడించారు.

2019లో అడిగింది లీగునీ, గాయకులనీ. చివరికి చేయగలిగింది మాత్రం బొమ్మ హక్కులూ ప్రసార హక్కులూ ఒకే చేతిలో ఉన్న సంస్థ. మీవాళ్లు కూడా ముందు 'ఇది ఎవరి చేతిలో ఉంది' అని కనుక్కోవాలి. కాలేజీ ఆటలో అది కోచ్ చేతిలో ఉండదు, గేట్ దగ్గర టికెట్ చూసేవాళ్ల చేతిలోనూ ఉండదు. అథ్లెటిక్స్ విభాగంలో గేమ్ ప్రెజెంటేషన్ లేదా మార్కెటింగ్ చూసేవాళ్లు ఉంటారు. ఆట మధ్యలో వచ్చే ప్రతి ప్రకటనా, తెర మీది ప్రతి బొమ్మా నిమిషాల వారీగా వాళ్ల స్క్రిప్టులో ఉంటుంది. ఆ స్క్రిప్టులో ఒక వరస మీకు దొరికితే చాలు.

---

హక్కులపెట్టె జవాబు:

పైన చెప్పిన దానికి హక్కుల సంగతి కలుపుతాను. చాలా ప్రచారాలు ఇక్కడే తట్టుకుని పడతాయి.

'స్వీట్ విక్టరీ' ఈ కార్టూన్ కోసం ప్రత్యేకంగా కట్టిన పాట కాదు. డేవిడ్ గ్లెన్ ఐస్లీ, బాబ్ కూలిక్ చేసిన ఈ పాట ఏపీఎం అనే ప్రొడక్షన్ మ్యూజిక్ లైబ్రరీలో (టీవీకీ సినిమాకీ వాడుకునేందుకు సిద్ధంగా ఉంచిన పాటల నిల్వలో) దొరికింది. మామూలు సినిమా పాటకైతే బాణీ హక్కు ఒకరిది, రికార్డింగ్ హక్కు ఇంకొకరిది, ఇద్దరినీ విడివిడిగా ఒప్పించాలి. లైబ్రరీ పాటకు సాధారణంగా ఆ రెండూ ఒకే కౌంటర్‌లో తేలిపోతాయి. కాబట్టి 2019లో పాట హక్కు పెద్ద అడ్డంకి అయి ఉంటుందని నేననుకోను. చిక్కు బొమ్మలతోనే. పాత్రల రూపం, ఆ సన్నివేశం, గొంతులు, ఇవన్నీ పాట లైసెన్సులో రావు.

బొమ్మకు ఇంకో ఇబ్బంది కూడా ఉంది. 2001 నాటి ఎపిసోడ్ పాత టీవీ కోసం 4:3 కొలతలో, తక్కువ రిజల్యూషన్‌లో తయారైంది. అట్లాంటా స్టేడియం పైకప్పు చుట్టూ ఉన్న తెర ఎత్తే 58 అడుగులు, వలయంలా చుట్టూ తిరిగి ఉంటుంది. ఆ పాత ముక్కను అంత తెర మీద సాగదీస్తే గీతలు పాకంలా కారిపోతాయి. కొత్తగా గీయాలంటే లెక్క చూడండి. సెకనుకు 24 ఫ్రేములు, ఒక్కో గీతను (గీసిన బొమ్మను) రెండేసి ఫ్రేములు నిలబెడితే సెకనుకు 12 గీతలు, ఒక నిమిషానికి ఒక్కో పాత్రకు 720. బ్యాండ్‌లో ఉన్నవాళ్లు ఒకరా ఇద్దరా? పైగా ఈ కార్టూన్ గీతల పని కొరియాలో జరుగుతుంది. లేఅవుట్ పంపాలి, గీసినవి తిరిగి రావాలి, దిద్దాలి. 69 రోజుల్లో, అదీ పండగల నెలలో, ఇది అయ్యే పని కాదు. అందుకే ఉన్నదాన్ని కత్తిరించి వాడుకున్నారు.

కాలేజీ స్థాయికి వస్తే మీ చేతిలో ఒక గొప్ప వస్తువు ఉంది: మార్చింగ్ బ్యాండ్. ఆ ఎపిసోడ్ అంతా బ్యాండ్ గురించే కదా! తెర మీద క్లిప్ వేయమని అడిగితే నికెలోడియన్ అనుమతి కావాలి, అది విద్యార్థులకు దొరకడం కష్టం. బ్యాండ్ చేత వాయింపజేస్తే బొమ్మ హక్కుతో పనే లేదు. స్టేడియంలో వాయించడానికి కావలసిన పబ్లిక్ పెర్ఫార్మెన్స్ లైసెన్సు కాలేజీల దగ్గర మామూలుగా ముందే ఉంటుంది. దాన్ని ఒకసారి రూఢి చేసుకుంటే చాలు. కానీ రెండు చోట్ల జాగ్రత్త:

మొదటిది, బ్యాండ్‌కు తగ్గట్టు పాటను మార్చి రాయడానికి హక్కుదారు నుంచి విడిగా అనుమతి తీసుకోవాలి. వాయించే హక్కు ఉంటే మార్చి రాసే హక్కు ఉన్నట్టు కాదు. జవాబు రావడానికి వారాలు పట్టవచ్చు కాబట్టి నవంబరు ఆటకు ఆగస్టులోనే రాయండి. రెండోది, ఆ వీడియోను యూట్యూబ్‌లో పెట్టాలంటే బొమ్మతో పాటను జతచేసే సింక్ హక్కు వేరే. అది లేకుండా పెడితే తీసేయించడమో, వీడియోలో శబ్దం ఆపేయడమో జరుగుతుంది. నిజానికి ఇలాంటి నివాళి వారం తర్వాత వీడియోలోనే బతుకుతుంది, స్టేడియంలో కాదు. అందుకని ఈ రెండో హక్కు కూడా మొదటి ఉత్తరంలోనే అడిగేయండి.

సంగీతం సంగతి ఒక మాట. అది నిదానంగా మొదలై పైకెగిసే రాక్ పాట. నడుస్తూ వాయించే కవాతు పాట కాదు. బ్యాండ్ దర్శకులు వేసవిలోనే హాఫ్‌టైమ్ నడకలు నిర్ణయించేస్తారు. నవంబరులో కొత్త నడక నేర్పమంటే ఎవరూ ఒప్పుకోరు. కూర్చున్న చోటి నుంచే వాయించే 40, 45 సెకన్ల ముక్క అడగండి. గొంతు వరస ట్రంపెట్లకు, కింద సాగే సింథసైజర్ స్వరాలు ట్రాంబోన్లకు, ట్యూబాలకు ఇస్తే సరిపోతుంది. ఆడుతున్న జట్టు స్నాప్‌కు (బంతిని ఆటలోకి అందించడానికి) సిద్ధమై వరసలో నిలబడ్డాక బ్యాండ్ ఆపేయాలి, అది ఆట నియమం. కాబట్టి టైమ్‌అవుట్‌లోనో, క్వార్టర్ మారే విరామంలోనో పెట్టించుకోండి.

---

నీటిబుడగ:

చాలా ఉపయోగపడే మాటలు, ధన్యవాదాలు ఇద్దరికీ. ఒక పక్క ప్రశ్న. సంతకం పెట్టిన 10 లక్షల మంది తలా 5 డాలర్లు వేసుకుంటే 50 లక్షల డాలర్లు అయ్యేది కదా. ఆ డబ్బుతో 30 సెకన్ల ప్రకటన కొనేసి పాట వేయించలేకపోయేవారా?

---

సంతకాల_లెక్క జవాబు:

నీటిబుడగ గారూ, మీ లెక్క తప్పు కాదు. ఆ ఏడు 30 సెకన్ల ప్రకటన ధర 50 లక్షల డాలర్లకు కాస్త పైనే ఉంది. కానీ సంతకం వేరు, రూపాయి వేరు. ఒక్క నొక్కుతో అయ్యే సంతకానికి 10 లక్షల మంది వస్తారు, కార్డు నంబరు అడగగానే అందులో పిడికెడు మంది మిగులుతారు. పైగా చాలా స్లాట్లు నెలల ముందే అమ్ముడుపోతాయి, ప్రకటనలో ఆ పాత్రలు కనిపించాలంటే మళ్లీ అదే నికెలోడియన్ అనుమతి, ఆపైన ఛానెల్ పరిశీలన. అంత డబ్బు నిజంగా కూడగట్టగలిగితే ఏఎల్ఎస్ పరిశోధనకు ఇవ్వడం మేలు. 2014లో ఐస్ బకెట్ ఛాలెంజ్ ద్వారా ఒక్క ఏఎల్ఎస్ అసోసియేషన్‌కే 11.5 కోట్ల డాలర్లు చేరాయి. హిల్లెన్‌బర్గ్ తనకు ఈ జబ్బు ఉందని 2017 మార్చిలో చెప్పారు. కండరాలను కదిలించే నరకణాలు ఒక్కొక్కటీ చచ్చిపోయే జబ్బు అది. గీసే చేయి ఉన్న మనిషికి అంతకంటే క్రూరమైనది ఉండదు.

డబ్బు మాట వచ్చింది కాబట్టి: చేంజ్ డాట్ ఆర్గ్‌లో సంతకం పెట్టగానే 'కొంత ఇవ్వండి' అని అడుగుతుంది చూశారా, ఆ డబ్బు ఆ పిటిషన్‌ను మరింత మందికి చూపించడానికి ఖర్చవుతుంది. కుటుంబానికో రోగులకో వెళ్లదు. చాలామంది నివాళికి ఇచ్చామనుకుని ఇస్తారు. మీవాళ్లు పిటిషన్ పెడితే మొదటి పేరాలోనే ఈ ముక్క రాయాలి, విరాళం ఇవ్వదలచినవాళ్లకు విడిగా దారి చూపాలి.

ఇప్పుడు అసలు లోపం. నా దృష్టిలో ఆ ప్రచారం చెడింది తేదీల దగ్గర కాదు, కోరిక రాసిన తీరులో. 'హాఫ్‌టైమ్‌లో ఈ పాట పాడండి' అని ఒకటే కోరిక. ఒకటే కోరిక ఉంటే అవతలివాళ్లకు రెండే దారులు, ఇవ్వడమో ఇవ్వకపోవడమో. మధ్యేమార్గం వాళ్లే కనిపెట్టారు: ఒక ముక్క చూపించి వదిలేయడం. ఆ ముక్కలో పాట లేదు. అంతకంటే బాధ, హిల్లెన్‌బర్గ్ పేరే లేదు. ఎవరి కోసం అడిగారో ఆ మనిషి పేరు తెర మీద రాకుండానే అయిపోయింది. అభిమానులు కూడా మర్నాటి నుంచి పాట రాలేదని గొడవ చేశారు, పేరు రాలేదని అడిగినవాళ్లు తక్కువ.

కోరికను మెట్లుగా రాయండి. కింది మెట్టు: తెర మీద 5 సెకన్లు 'స్టీఫెన్ హిల్లెన్‌బర్గ్, 1961–2018' అన్న అక్షరాలు, బొమ్మలేమీ లేకుండా. దీనికి ఎవరి హక్కులూ అక్కర్లేదు, ఖర్చు సున్నా. రెండో మెట్టు: మైకులో చదివే ప్రకటన. నిమిషానికి 150 మాటల చొప్పున చదువుతారు కాబట్టి 30 మాటలు రాస్తే 12 సెకన్లలో అయిపోతుంది. మూడో మెట్టు: బ్యాండ్ ముక్క. నాలుగోది మీకు తోచిన మరొకటి. కింది మెట్టు తప్పకుండా కావాలని, పైవి వీలైతే అని స్పష్టంగా చెప్పండి. అప్పుడు వాళ్లు ఎంత తక్కువ ఇచ్చినా ఆ తక్కువలో పేరు ఉంటుంది.

ఆ 30 మాటల్లో ఏం పెట్టాలి? ఆయన డానా పాయింట్‌లో సముద్ర జీవశాస్త్రం బోధించిన మాస్టారు. పిల్లల కోసం అలల అంచున బతికే జీవుల మీద బొమ్మల పుస్తకం గీశారు, ఆ గీతల్లోంచే తర్వాత స్పాంజ్‌బాబ్ వచ్చాడు. కార్టూన్ 1999 మే 1న మొదలైంది. కాలేజీలో చదివే ప్రకటనకు ఈ టీచరు సంగతి కంటే మంచి మాట దొరకదు. నన్నడిగితే పాట లేకపోయినా ఇది ఉండాలి.

సంతకాలు ఎన్ని కావాలన్నది కూడా చెబుతాను. కాలేజీకి లక్షలు అక్కర్లేదు. బయటి ప్రపంచం నుంచి 50 వేలు వచ్చినా వాళ్లకు లెక్కలోకి రావు. కాలేజీ ఈమెయిల్‌తో పెట్టిన 400 సంతకాలు, విద్యార్థి సంఘం తీర్మానం ఒకటి, బ్యాండ్ దర్శకుడి అంగీకారం ఒకటి, ఈ మూడు కాగితాలు కలిపి ఒకే పీడీఎఫ్‌గా పంపండి. అడిగినవి ఎన్ని, ఏ తేదీన, ఎవరు బాధ్యులు, ఒక ఫోన్ నంబరు. రెండు పేజీలు మించకూడదు.

---

హక్కులపెట్టె:

సంతకాల_లెక్క గారితో ఒక చోట విభేదిస్తాను. పాట అడగకపోతే ఆ 10 లక్షల్లో పదో వంతు కూడా వచ్చేవారు కాదు. పేరు తెర మీద వేయమని ఎవరు పరుగెత్తుకొచ్చి సంతకం పెడతారు? ఆ పాట వింటే చిన్నప్పటి సాయంత్రాలు గుర్తొస్తాయి, జనం కదిలింది అందుకే. పాటను ముందు పెట్టి జనాన్ని కూడగట్టడం సరైనదే. పొరపాటల్లా పేరును షరతుగా పెట్టకపోవడం. మెట్లుగా రాయాలన్న మాటకు మాత్రం పూర్తిగా ఒప్పుకుంటాను.

---

గ్యాలరీ_వరస జవాబు:

కార్డులతో అక్షరాలు పరచడం, అంటే గ్యాలరీలో ఒక్కొక్కరూ ఒక్కో రంగు కార్డు ఎత్తి అందరూ కలిసి పెద్ద అక్షరాలు కనిపించేలా చేయడం గురించి ఎవరూ చెప్పలేదు. స్టేడియం మొత్తానికి తెలియాలంటే అదే మార్గం, విద్యార్థుల గ్యాలరీ ఒకే చోట ఉంటుంది కాబట్టి కాలేజీలో కుదురుతుంది. సూపర్‌బౌల్‌లో ఇది అసాధ్యం. టికెట్లు రెండు జట్లకూ, మిగతా జట్లకూ, లీగుకూ చీలిపోతాయి, దాదాపు నాలుగో వంతు లీగు దగ్గరే ఉంటుంది. పక్కపక్కన 500 సీట్లు అభిమానులకు దొరకవు.

ఇంగ్లీషులో 'స్టీవ్' అని పరుస్తారనుకుందాం, అందరూ ఆయన్ను అలాగే పిలిచేవారు. ఐదు అక్షరాలు. ఒక్కో అక్షరం 5 గళ్ల వెడల్పు, 7 గళ్ల ఎత్తు. మధ్యలో 4 సందులు. మొత్తం 29 గళ్లు అడ్డంగా, 7 నిలువుగా. చుట్టూ ఒక గడి అంచు వదిలితే 31 × 9 = 279 గళ్లు. గడికి ఒక మనిషిని పెట్టకండి, పక్కపక్కన ఇద్దరిని పెట్టండి. ఒకరు మంచినీళ్లకు వెళ్లినా సగం గడి నిలుస్తుంది, అక్షరం చెడదు. ఒక్కరినే పెడితే ఒక్కరు లేచినా అక్షరంలో పూర్తి గడి చిల్లు పడుతుంది. అంటే 62 సీట్లు, 9 వరసలు, 558 కార్డులు.

అమెరికాలో దొరికే పోస్టర్ బోర్డు 22 × 28 అంగుళాలు. దాన్ని సగానికి కోస్తే 22 × 14. అంటే 279 బోర్డులు చాలు. చిరిగేవాటికి, తప్పు కోసేవాటికి ఇంకో 30 కలుపుకోండి. కాలేజీ బెంచీ మీద ఒక సీటు 18 అంగుళాలు, 14 అంగుళాల వైపు అడ్డంగా పట్టుకుంటే పక్కవాడి మోచేయి తగలదు.

గ్యాలరీలో మెట్ల దారి ఎక్కడుందో ముందు వెళ్లి సీట్లు లెక్కపెట్టుకోండి. ఒక్కో అక్షరానికి 10 సీట్లు, సందుకు 2, అంటే 12 సీట్లకొక అక్షరం. మెట్ల దారి కచ్చితంగా అక్షరాల సందులోకి వచ్చేలా మొత్తాన్ని కుడికో ఎడమకో జరపాలి. అక్షరం నడుమ మెట్లు వస్తే ఎదురుగా చూసేవాళ్లకు రెండు అక్షరాల్లా కనిపిస్తుంది. ఇలాంటి వరసలు ఎక్కువగా పాడయ్యేది దీనివల్లే.

రంగులు: పసుపు అక్షరాలు, ముదురు నీలం నేల. లేత నీలం వద్దు, ఫ్లడ్‌లైట్ల కింద పసుపూ లేత నీలమూ రెండూ తెల్లగా వెలిసిపోతాయి. నిగనిగలాడే కాగితం కూడా వద్దు, వెలుతురు కొట్టి మెరుస్తుంది. అవతలి జట్టు రంగులతో కలుస్తున్నాయేమో చూసుకోండి. బోర్డుకు ఒకవైపే రంగు ఉండాలి. రెండు వైపులా రెండు రంగులుంటే ఎవరో ఒకరు తిప్పి పట్టుకుంటారు. వెనకవైపు సీటు నంబరు, 'ఈ రాతలు మీ వైపు ఉండాలి', 'మైకులో పేరు వినగానే ఎత్తి 20 లెక్కపెట్టండి' అని పెద్ద అక్షరాలతో అతికించండి.

గేట్లు తెరవకముందే సీట్ల మీద పెట్టాలి. ఆరుగురు మనుషులు, రెండు గంటలు. లోపలికి ముందుగా వెళ్లే అనుమతి అథ్లెటిక్స్ విభాగం ఇస్తుంది, అది కూడా ఆ పీడీఎఫ్‌లోనే అడగాలి. గాలి ఉంటే ఖాళీ సీటు మీద కార్డు నిలవదు, బెంచీకి మాస్కింగ్ టేపు చిన్న ముక్కతో అంటించండి. వాన అంటే పోస్టర్ బోర్డు అప్పడంలా మెత్తబడుతుంది. వాన సూచన ఉంటే కార్డులు ఆపేసి ప్రకటన, బ్యాండ్ మాత్రం ఉంచుకోండి. అందుకే ఈ మూడింటినీ ఒకదాని మీద ఒకటి ఆధారపడకుండా అమర్చుకోవాలి.

అయిపోయాక కార్డులు విసురుతారు. గట్టి అంచు కంటికి తగిలితే ప్రమాదం, భద్రతావాళ్లు వచ్చే ఏడాది అనుమతి ఇవ్వరు. వరసకొక సంచీ, వరస చివర ఒక మనిషి. ఎత్తి దించగానే కార్డులు పక్కకు అందించుకుంటూ సంచీలోకి చేర్చాలి. ఈ ఏర్పాటు ముందే రాసి చూపిస్తే అనుమతి త్వరగా వస్తుంది.

ఎదురు గ్యాలరీలో ట్రైపాడ్ మీద ఒక కెమెరా పెట్టడం మర్చిపోకండి. కార్డు పట్టుకున్నవాళ్లకు తాము రాసిన అక్షరం కనిపించదు. టీవీ ప్రసారం ఉంటే వాళ్ల దర్శకుడికి క్వార్టర్, గడియారం సమయం ముందే చెప్పించండి, లేకపోతే ఆ 20 సెకన్లూ ప్రకటనలు నడుస్తుంటాయి.

---

తెరవెనుక:

ఒక మంచి ఉదాహరణ మర్చిపోయాను. సూపర్‌బౌల్‌లో పాట రాకపోయిన అదే ఫిబ్రవరిలో డల్లాస్ స్టార్స్ హాకీ జట్టు తమ అరీనా పెద్దతెర మీద ఆ సన్నివేశాన్ని తమ జట్టుకు తగ్గట్టు మార్చి పాటతో సహా వేసింది. కోట్ల మంది చూసే చోట రెండు నెలలు అడిగినా కానిది, మామూలు లీగ్ ఆట రాత్రి అయిపోయింది. చిన్న చోట స్క్రిప్టు ఒకరిద్దరి చేతిలో ఉంటుంది, వాళ్లలో ఒకరు స్పాంజ్‌బాబ్ చూసి పెరిగినవాళ్లయితే చాలు. మీ గేమ్ ప్రెజెంటేషన్ విభాగంలో అలాంటి మనిషి ఎవరో కనుక్కుని, మొదటి ఈమెయిల్ వాళ్లకే పంపండి.

---

నీటిబుడగ:

అందరికీ చాలా కృతజ్ఞతలు. మెట్లుగా కోరికలు రాసి, ఆగస్టు మొదటి వారంలో అరేంజ్‌మెంట్ అనుమతికి ఉత్తరం, సెప్టెంబరులో అథ్లెటిక్స్‌కు పీడీఎఫ్ పంపమని చెబుతాను. ఒక్క సందేహం మిగిలింది. నవంబరు 26 ఆట రోజు కాకపోతే ముందు శనివారమా, తర్వాతదా?

---

సంతకాల_లెక్క:

ముందుదే, అదీ థాంక్స్‌గివింగ్ (నవంబరు నాలుగో గురువారం వచ్చే అమెరికా పండగ) కంటే ముందు వచ్చేది. థాంక్స్‌గివింగ్ వారాంతంలో విద్యార్థులు ఇళ్లకు వెళ్లిపోతారు, 558 సీట్లలో సగం ఖాళీగా ఉంటాయి. ఇంకొకటి, ప్రకటన చదివే వ్యక్తికి పేరు పలికే తీరు విడిగా రాసి ఇవ్వండి. 'హిల్' మీద ఒత్తు, చివర 'బర్గ్'. తెర మీద వేసే అక్షరాల్లో 'ఎల్' రెండుసార్లు, 'బి' తర్వాత 'యు' ఉండాలి. 'ఇ' పెట్టి 'బెర్గ్' అని రాసేవాళ్లు ఎక్కువ. తెర ఆపరేటర్‌కు పంపే ఫైలులో పేరును కాపీ చేసుకునేలా టెక్స్ట్‌గానే ఇవ్వండి, బొమ్మగా కాదు.